నోరాత్‌లో గంట కూలి

2001లో ఎడ్వర్డ్ కాస్ట్రొనోవా అనే ఆర్థికశాస్త్రం ప్రొఫెసర్ ఒక దేశపు తలసరి ఆదాయం లెక్కగట్టాడు. కాలిఫోర్నియా స్టేట్ యూనివర్సిటీ వారి ఫుల్లర్‌టన్ క్యాంపస్‌లో ఆయన పాఠాలు చెప్పేవాడు. ఆ దేశం పేరు నోరాత్. ఏ అట్లాసులోనూ కనపడదు. ఎవర్‌క్వెస్ట్ అనే కంప్యూటర్ ఆటలో ఉంటుంది. 1999 మార్చిలో విడుదలైన ఈ ఆటలో వేలమంది ఒకేసారి ఇంటర్‌నెట్ మీద కలుస్తారు. ఎవరికి వాళ్ళు ఒక పాత్రను పెంచుకుంటూ, రాక్షసుల్ని చంపుతూ, కత్తులూ కవచాలూ కూడబెట్టుకుంటూ నెలల తరబడి తిరుగుతారు. అక్కడ చెల్లే డబ్బు ప్లాటినం నాణెం.

ఆట డబ్బు ఆటలోనే చెల్లాలి, బయట దానికి విలువేముంటుంది అనిపిస్తుంది. కానీ ఆ రోజుల్లో ఈబే వేలంలో ప్లాటినం నాణేలు, కత్తులు, ఏకంగా పెంచి పెద్దచేసిన పాత్రలు కూడా అసలు డాలర్లకు అమ్ముడుపోయేవి. బయట డబ్బు ముట్టాక, అమ్మినవాడూ కొన్నవాడూ ఆటలో ఏ వంతెన దగ్గరో కలుసుకుని సరుకు చేతులు మార్చేవారు. కాస్ట్రొనోవా ఆ వేలం ధరలు పోగుచేసి మారకం రేటు తీశాడు. ఒక ప్లాటినం నాణెం 1.07 సెంట్లు. అప్పటి జపాన్ యెన్ కంటే ఎక్కువ, ఇటలీ లీరాకైతే ఎన్నో రెట్లు. మూడున్నర వేలమందికి పైగా ఆటగాళ్ళను ప్రశ్నలడిగి, గంటసేపు ఆడితే సగటున 319 నాణేల సంపద పుడుతుందని తేల్చాడు. అంటే గంటకు 3.42 డాలర్లు, ఆనాటి మారకంలో మన డబ్బు 160 రూపాయలు. ఏడాదికి తలసరి ఉత్పత్తి 2,266 డాలర్లు. ఆ లెక్కన నోరాత్ రష్యాకూ బల్గేరియాకూ మధ్యలో నిలబడింది.

ఈ అంకెలు పత్రికలకెక్కినప్పుడు చాలామంది వింతగా చదివి పక్కన పెట్టారు. కాస్ట్రొనోవా వ్యాసంలో తలసరి ఉత్పత్తి కంటే పనికొచ్చే విషయం ఇంకొకటుంది. నోరాత్ నాణేన్ని డాలరు పెట్టి కొన్నదెవరు? ఆ ఆట ఆడేవాడే. ఉద్యోగం, సంసారం ఉన్నవాడు. పదిహేనో లెవెల్ దగ్గర ఆగిపోయి, స్నేహితులంతా నలభైలో ఉంటే వాళ్ళను అందుకోలేనివాడు. వాడి దగ్గర డబ్బుంది, తీరిక లేదు. అవతల తీరిక ఉండి డబ్బులేనివాడున్నాడు. నాణెం పేరుతో వాళ్ళిద్దరి మధ్య చేతులు మారింది కాలం. ఆటల్లో సంపాదన గురించి తర్వాతి పాతికేళ్ళలో వచ్చిన ప్రతి కథనూ ఈ ఒక్క ప్రశ్నతో చదవొచ్చు: సంపాదన కోసం కాకుండా, ఉత్తినే ఆట మీద మోజుతో డబ్బు పెట్టేవాడు ఇందులో ఎక్కడున్నాడు? వాడు కనపడితే కొంతకాలం బండి నడుస్తుంది. కనపడకపోతే ఎవరి జేబులోంచి ఎవరికి పోతోందో చూసుకోవాలి.

కుళాయి, తూము

ఆటలో డబ్బు పుట్టించడం చాలా సులువు, కష్టమల్లా దాన్ని అదుపులో పెట్టడమే. రాక్షసుడు చస్తే పది నాణేలు రాలాలని ప్రోగ్రాములో ఒక్క వాక్యం రాస్తే చాలు, రాత్రింబవళ్ళు రాలుతూనే ఉంటాయి. 1997లో వచ్చిన అల్టిమా ఆన్‌లైన్ రూపకర్తలకు ఈ భయం ముందే ఉంది. అందుకని వాళ్ళు మొదట ఆ లోకంలోని మొత్తం వనరుల్ని ఒక లెక్కకు కట్టేశారు. ఇనుము, ఉన్ని, మాంసం, బంగారం, అన్నిటికీ ఒక పరిమితి. ఎవరైనా వాడిపారేసిందే తిరిగి లోకంలోకి వస్తుంది. కాగితం మీద చక్కటి ఏర్పాటు. ఆటగాళ్ళు మాత్రం ఏదీ పారేయలేదు. చొక్కాల మీద చొక్కాలు కుట్టి ఇళ్ళలో గుట్టలు పోశారు. వనరులన్నీ ఆ గుట్టల్లో ఇరుక్కుపోయేసరికి కొత్త జంతువులు, కొత్త రాక్షసులు పుట్టడం తగ్గిపోయింది. వేటకని వచ్చినవాడికి అడవి బోసిగా కనపడింది. చివరికి ఆ పరిమితి ఎత్తేసి, ఎంత కావాలంటే అంత పుట్టేలా మార్చారు. ఇంకేముంది, బంగారం వరదలెత్తింది, ధరలు ఆకాశాన్నంటాయి.

ఈ రంగంలో పనిచేసేవాళ్ళు డబ్బు వచ్చే దారుల్ని కుళాయిలనీ, పోయే దారుల్ని తూములనీ అంటారు. రాక్షసుడి నుంచి రాలే నాణెం కుళాయి. కత్తి మరమ్మతు ఖర్చు, గుర్రం కొనుగోలు, సంతలో అమ్మకపు పన్ను తూములు. తూములోంచి పోయిన డబ్బు ఎవరి చేతికీ రాదు, లోకంలోంచే మాయమైపోతుంది. చెరువుకి వచ్చే నీరు, పోయే నీరు సరిపోకపోతే ఏమవుతుందో రైతుకి చెప్పనక్కర్లేదు. ఆట రూపకర్తలకు మాత్రం దెబ్బతిన్నాకే తెలిసింది.

ఐస్‌లాండ్‌లో తయారైన ఈవ్ ఆన్‌లైన్ అనే అంతరిక్ష నౌకల ఆటలో ఈ లెక్క చూడడానికి ఏకంగా ఒక ఆర్థికవేత్తను ఉద్యోగంలో పెట్టుకున్నారు. 2007లో చేరిన ఆయన పేరు ఎయోల్ఫుర్ గుడ్మండ్సన్. తర్వాత ఒక విశ్వవిద్యాలయానికి రెక్టరయ్యాడు. ఆ ఆట డబ్బుని ఐఎస్‌కే అంటారు, ఐస్‌లాండ్ అసలు కరెన్సీ సంకేతం కూడా అదే. ఈవ్‌లో గమ్మత్తేమిటంటే, నౌక పేలిపోతే డబ్బు తగ్గదు, పెరుగుతుంది. నౌకకి కట్టిన ఇనుమూ ఖనిజాలూ మాయమవుతాయి. కానీ బీమా కింద యజమానికి కొత్త డబ్బు ముడుతుంది. యుద్ధం అక్కడ వస్తువులకు తూము, డబ్బుకు కుళాయి. కొత్త నౌకలు కట్టించుకోవాలి గనక గనుల్లో పనిచేసేవాడికి గిరాకీ తగ్గదు. 2014 జనవరి 27న ఒక కూటమి తన స్థావరానికి కట్టాల్సిన రుసుము కట్టకపోవడంతో మొదలైన పోరు 21 గంటలు సాగింది. టైటాన్లనే అతిపెద్ద నౌకలు 75 ధ్వంసమయ్యాయి. నష్టం మూడు లక్షల డాలర్లకు పైనేనని పత్రికలు రాశాయి.

ఆ మూడు లక్షలు ఎవరి బ్యాంకు ఖాతాలోంచీ పోలేదు. ఈవ్ కంపెనీ ప్లెక్స్ అనే ఒక వస్తువుని డాలర్లకు అమ్ముతుంది. దాన్ని ఆటలో ఐఎస్‌కేకి అమ్ముకోవచ్చు. ఆ ధరతో ఐఎస్‌కేని గుణించి డాలర్లలో చెప్పారంతే. ప్లెక్స్‌ని తిరిగి ఇచ్చి డాలర్లు పుచ్చుకునే కౌంటరు కంపెనీ తెరవలేదు. ఆటల సంపద గురించి వచ్చే పెద్ద పెద్ద అంకెల్లో సగం ఇలాంటివే. వన్‌వే రోడ్డు మీద కట్టిన మారకం రేట్లు.

నాన్‌జింగ్ షిఫ్టు

రెండోవైపు దారి దొంగచాటుగా తెరుచుకుంది, చైనాలో. 2004 నవంబరులో వచ్చిన వరల్డ్ ఆఫ్ వార్‌క్రాఫ్ట్ ప్రపంచమంతా పాకేసరికి, అందులోని బంగారు నాణేల్ని కూలికి తవ్వే వర్క్‌షాపులు వెలిశాయి. గోల్డ్ ఫార్మింగ్ అన్నారు ఆ పనిని. 2007 జూన్‌లో జూలియన్ డిబెల్ న్యూయార్క్ టైమ్స్ మ్యాగజైన్‌లో నాన్‌జింగ్ నగరంలోని ఒక వర్క్‌షాపు గురించి రాశాడు. పన్నెండు గంటల షిఫ్టు, వారంలో ఏడు రాత్రులు. ముప్ఫై ఏళ్ళ మనిషి ఒకే గుహ దగ్గర ఒకే రకం శత్రు సాధువుల్ని చంపుతూ, వాళ్ళ దగ్గర రాలింది ఏరుకుంటూ కూర్చుంటాడు. నూరు నాణేలు పోగుచేస్తే చేతికి 10 యువాన్లు, అంటే ఒకటింపావు డాలరు. గంటకు పడేది ముప్ఫై సెంట్లు. అవే నూరు నాణేల్ని యజమాని ఆన్‌లైన్ వ్యాపారికి మూడు డాలర్లకో, కాస్త పైకో అమ్ముతాడు. అమెరికాలో కూర్చున్న ఆటగాడు కొనేసరికి వాటి ధర 20 డాలర్ల దాకా పలికేది.

ఒకటింపావు, మూడు, ఇరవై. ఆ మధ్యలో పదిహేడు డాలర్లు ఎక్కడికి పోయినట్టు? దళారి దోపిడీ అనేసి ఊరుకోవచ్చు, అందులో నిజం లేకపోలేదు. కానీ ఆ దళారికి అసలు ఖర్చులూ ఉన్నాయి. కంపెనీ కనిపెట్టి ఖాతాలు మూసేస్తే అందులోని బంగారమంతా నష్టం. కొన్నవాడు క్రెడిట్ కార్డు కంపెనీకి ఫోన్ చేసి, ఈ చెల్లింపు నేను చేయలేదని చెబితే డబ్బు వెనక్కి పోతుంది, సరుకు రాదు. కొనేవాడున్న సర్వరులో సరుకు సిద్ధంగా ఉంచుకోవాలి, అడిగిన గంటలో అందించాలి, ఇంగ్లీషులో మాట్లాడేవాణ్ణి కూర్చోబెట్టాలి. కొనేవాడు డబ్బు పెడుతున్నది నాణెంతోపాటు నమ్మకానికి కూడా. నమ్మకం హాంకాంగ్‌లోనో లాస్ ఏంజెలెస్‌లోనో ఆఫీసున్నవాడి దగ్గర దొరుకుతుంది గానీ, నాన్‌జింగ్‌లో రాత్రి షిఫ్టు చేసేవాడి దగ్గర దొరకదు.

ఈ వ్యాపారంలో అప్పట్లో పేరుమోసిన సంస్థ ఐజీఈ. దాన్ని పెట్టిన బ్రాక్ పియర్స్ చిన్నప్పుడు హాలీవుడ్ సినిమాల్లో బాలనటుడు. 2006లో గోల్డ్‌మన్ శాక్స్, మరికొందరు కలిసి ఆ సంస్థలో ఆరు కోట్ల డాలర్లు పెట్టారు. ఆ పెట్టుబడి తెచ్చిపెట్టడంలో చెయ్యి ఉన్న స్టీవ్ బానన్ తర్వాత ట్రంప్ ఎన్నికల సారథి అయ్యాడు. వాల్ స్ట్రీట్ పెద్దలు ఆట నాణేల దుకాణంలో కోట్లు కుమ్మరించారంటే దీన్ని ఎంత గట్టి సరుకుగా లెక్కేశారో చూడండి. మరుసటి ఏడాదే ఆటగాళ్ళు దావా వేయడం, ఆట కంపెనీలు ఖాతాలు మూసేయడంతో ఆ దుకాణం కుదేలైంది.

2008లో మాంచెస్టర్ విశ్వవిద్యాలయపు రిచర్డ్ హీక్స్ ఈ పనిలో నాలుగు లక్షలమంది ఉంటారనీ, వాళ్ళలో ఎనభై శాతానికి పైగా చైనాలోనే ఉన్నారనీ, సగటు నెల జీతం 145 డాలర్లనీ అంచనా వేశాడు. 2011లో ప్రపంచ బ్యాంకు తాలూకు ఇన్ఫోడెవ్ కోసం లెడాన్‌విర్టా, ఎర్న్‌క్విస్ట్ రాసిన నివేదిక మరో కోణం చూపించింది. 2009లో ఈ బయటి సేవల వ్యాపారం 300 కోట్ల డాలర్లని, అందులో పెద్ద భాగం పని జరిగే దేశాల్లోనే మిగులుతోందని వాళ్ళ అంచనా. పోల్చడానికి వాళ్ళు కాఫీని తీసుకున్నారు. ఏడు వేల కోట్ల డాలర్ల ప్రపంచ కాఫీ వ్యాపారంలో పండించే దేశాలకు దక్కేది 550 కోట్లే. దేశానికి దక్కిందంటే కూలివాడికి దక్కినట్టు కాదు, నాన్‌జింగ్ లెక్క పైనే ఉంది. అయినా కాఫీ గింజ కంటే ఆట నాణెం నయమన్న మాట చదివి నేను కాసేపు ఆగాను.

ఈ పనికి చీకటి కోణం లేకపోలేదు. 2011లో గార్డియన్ పత్రిక చైనా ఈశాన్యంలోని ఒక శ్రమ శిబిరంలో ఉండి వచ్చిన ఖైదీ కథనం వేసింది. పగలంతా బండలు కొట్టించి, రాత్రి కంప్యూటర్ల ముందు కూర్చోబెట్టి ఆట బంగారం తవ్వించేవారట. కోటా నిండకపోతే దెబ్బలు.

కంపెనీ అంగడి

ఇన్ని కోట్లు తమ ప్రహరీ బయట చేతులు మారుతుంటే ఆట కంపెనీలు ఊరుకుంటాయా? బ్రిటన్‌లోని జాగెక్స్ కంపెనీ నడిపే రూన్‌స్కేప్‌లో బంగారం అమ్మేవాళ్ళు దొంగిలించిన క్రెడిట్ కార్డులతో చందా కట్టేవారు. ఆ చెల్లింపులన్నీ వెనక్కి పోయి కంపెనీకే తలనొప్పి. 2007 డిసెంబరులో జాగెక్స్ కత్తెర పట్టుకుంది. ఇద్దరి మధ్య ఇచ్చిపుచ్చుకునే సరుకుల విలువ దాదాపు సమానంగా ఉండాలి, ఉత్త పుణ్యానికి ఎవరికీ ఏదీ ఇవ్వకూడదు. దొంగల పని ఆగింది, దానితోపాటు ఆట కూడా చప్పబడింది. తమ్ముడికి పాత కత్తి ఇవ్వడానికి వీల్లేదంటే ఎవరాడతారు? ఆటగాళ్ళ గోల పడలేక 2011లో ఓటింగు పెట్టి ఆ నిబంధన ఎత్తేశారు.

ఆ తర్వాత పరిశ్రమ తెలివైన దారి పట్టింది. దొంగ వ్యాపారిని తరమడం కంటే వాడి కొట్టు పక్కనే సొంత కొట్టు పెట్టుకోవడం మేలనుకుంది. 2015 ఏప్రిల్‌లో వరల్డ్ ఆఫ్ వార్‌క్రాఫ్ట్ ఒక టోకెన్ తెచ్చింది. డబ్బున్నవాడు దాన్ని 20 డాలర్లకు కొని ఆటలో బంగారానికి అమ్ముకుంటాడు. అమెరికాలో మొదటి రోజు ధర 30,000 నాణేలు. తీరికున్నవాడు తను పోగేసిన బంగారంతో ఆ టోకెన్ కొని నెల చందా కింద జమ చేసుకుంటాడు. చూడండి, కాస్ట్రొనోవా కనిపెట్టిన ఆ ఇద్దరే మళ్ళీ. మధ్యలో దళారి మాత్రం మారాడు. నెల చందా 14.99 డాలర్లు, టోకెన్ 20. ఆ అయిదు డాలర్లు కంపెనీ కమీషన్ అన్నమాట. ఇందులో తీరికున్నవాడి చేతికి డబ్బు రాదు, ఉచితంగా ఆట వస్తుంది. బియ్యం కొనుక్కోవాల్సినవాడికి అది పనికిరాదు గనక దొంగ అంగడి మూతపడలేదు, లాభం మాత్రం పలచబడింది.

నేరుగా డబ్బు ఇచ్చే ప్రయత్నమూ జరిగింది. డయాబ్లో 3 అనే ఆటలో 2012 జూన్‌లో అసలు డాలర్ల వేలంశాల తెరిచారు. కత్తి దొరికితే అమ్ముకో, డాలర్లు తీసుకో, కంపెనీకి దాని వాటా ఇవ్వు. ఆ ఆట సరదా అంతా రాక్షసుణ్ణి చంపినప్పుడు ఏం రాలుతుందోనన్న ఆత్రంలో ఉంది. వేలంశాలలో అంతకన్నా మంచిది చవగ్గా దొరుకుతుంటే ఇక రాక్షసుణ్ణి చంపడమెందుకు? ఆడేవాళ్ళు తగ్గి బేరమాడేవాళ్ళు పెరిగారు. కొనేవాడు పుట్టేది ఆట మీది మోజులోంచే కదా, ఆ మోజుకే వేలంశాల చెద పట్టించింది. 2014 మార్చి 18న దాన్ని మూసేశారు.

వెనెజువెలాలో కథ వేరు. 2017 నాటికి ఆ దేశపు కరెన్సీ కుప్పకూలింది. 2019 వచ్చేసరికి కనీస నెల వేతనం మారకంలో పట్టుమని పది డాలర్లు లేదు. పాత కంప్యూటర్ మీదా, బలహీనమైన నెట్ మీదా నడిచే ఆట రూన్‌స్కేప్. యువకులు గంటల తరబడి అందులో పచ్చ డ్రాగన్లను చంపి, ఎముకలూ తోళ్ళూ అమ్మి, ఆ బంగారాన్ని డాలర్లకు మార్చుకున్నారు. డాలరు విలువ నిలబడ్డ చోట అది చిల్లర. వాళ్ళకి అది వారం సరుకులు. తమ డ్రాగన్లు తమకు మిగలడం లేదని కోపం వచ్చిన ఇతర ఆటగాళ్ళు, స్పానిష్‌లో పలకరించి చూసి, బదులిచ్చినవాణ్ణి వెంటాడి చంపడం మొదలుపెట్టారు. 2019 మార్చిలో వెనెజువెలా అంతా రోజుల తరబడి కరెంటు పోతే రూన్‌స్కేప్‌లో కొన్ని సరుకుల ధరలు పెరిగాయని ఆటగాళ్ళు గమనించారు. ఒక దేశపు విద్యుత్ గ్రిడ్ కూలితే మధ్యయుగపు మాయాలోకపు సంతలో ధర కదిలింది!

మూడు ఆక్సీలు

ఇప్పటిదాకా చెప్పినవాటిల్లో ఎక్కడో ఒక చోట సరదాకి డబ్బు పెట్టేవాడున్నాడు. వాణ్ణి పూర్తిగా మరిచిపోయిన ప్రయోగం ఆక్సీ ఇన్ఫినిటీ. వియత్నాంలోని స్కై మేవిస్ సంస్థ తయారు చేసింది. ఆక్సీలంటే బొద్దుగా ఉండే బొమ్మ జంతువులు. ఒక్కో ఆక్సీ ఒక క్రిప్టో టోకెన్, అంటే ఆటలోంచి బయటికి తీసుకెళ్ళి అమ్ముకోగల ఆస్తి. అప్పట్లో ఆడాలంటే కనీసం మూడుండాల్సి వచ్చేది. గెలిస్తే ఎస్‌ఎల్‌పీ అనే నాణేలు వచ్చేవి. వాటిని క్రిప్టో ఎక్స్ఛేంజీలో డాలర్లకు మార్చుకోవచ్చు. కోవిడ్ లాక్‌డౌన్లలో పనులు పోయిన ఫిలిప్పీన్స్‌లో ఇది దావానలంలా వ్యాపించింది. 2021 మధ్యలో మూడు ఆక్సీలు కొనాలంటే వెయ్యి డాలర్ల దాకా కావాల్సి వచ్చేది. అంత పెట్టలేనివాడికి ఆక్సీలున్నవాడు అద్దెకిచ్చేవాడు. ఇచ్చినవాణ్ణి మేనేజర్ అన్నారు, పుచ్చుకున్నవాణ్ణి స్కాలర్ అన్నారు. వచ్చినదాంట్లో స్కాలర్‌కి సగమో, కాస్త ఎక్కువో. పాలేరుకి స్కాలర్ అని పేరు పెట్టినవాడి తెలివిని మెచ్చుకోవాల్సిందే.

ఇందులో అప్పటి కుళాయి, తూము చూడండి. కుళాయి: ప్రతి గెలుపుకీ ఎస్‌ఎల్‌పీ. తూము ఒక్కటే: రెండు ఆక్సీలను జతకట్టించి పిల్లను పుట్టించడానికి ఎస్‌ఎల్‌పీ ఖర్చవుతుంది. మరమ్మతు లేదు, పన్ను లేదు, సరదాకి కొనే టోపీ లేదు. పిల్ల ఆక్సీ ఎవరికి కావాలి? కొత్తగా చేరేవాడికి. వాడెందుకు చేరతాడు? ఎస్‌ఎల్‌పీ సంపాదించడానికి. అంటే ఈ రోజు ఎస్‌ఎల్‌పీకి ధర ఉండాలంటే రేపు ఇంకా ఎక్కువమంది చేరాలి. వాళ్ళ ఎస్‌ఎల్‌పీకి ధర ఉండాలంటే ఎల్లుండి అంతకన్నా ఎక్కువమంది చేరాలి. పైగా అప్పట్లో చచ్చిపోయే ఆక్సీ లేదు. ఒక్కొక్కటి ఏడుసార్ల దాకా కనగలదు. మందలు పెరగడమే గానీ తరగడం లేదు.

2021 జులైలో 30 సెంట్లు దాటిన ఎస్‌ఎల్‌పీ 2022 మధ్యకొచ్చేసరికి ఒక్క సెంటు కూడా పలకలేదు. కంపెనీ 2022 ఫిబ్రవరిలో కొన్ని కుళాయిలు కట్టేసింది. అప్పటికే చెరువు గట్లు తెగాయి. ఇంతలో మరో పిడుగు. ఆక్సీల డబ్బు నడిచే రోనిన్ అనే నెట్‌వర్క్‌కి తొమ్మిది తాళంచెవులుంటే, అందులో అయిదు సంపాదించిన దొంగలు 2022 మార్చి 23న 1,73,600 ఈథర్ క్రిప్టో నాణేలు, రెండున్నర కోట్ల డాలర్లకు పైగా స్టేబుల్‌కాయిన్ ఎత్తుకుపోయారు. మొత్తం విలువ అరవై కోట్ల డాలర్ల పైమాట. ఆరు రోజుల తర్వాత ఒకతను తన డబ్బు తీసుకోబోతే రాకపోవడంతో గానీ కంపెనీకి దొంగతనం సంగతి తెలియలేదు. ఇది ఉత్తర కొరియా హ్యాకర్ల పని అని ఎఫ్‌బీఐ ప్రకటించింది.

రంగు పూత ధర

ఇక ఆటలో ఏ ఉపయోగమూ లేని వస్తువుల సంగతి. కౌంటర్ స్ట్రైక్ తుపాకుల ఆట. 2013 ఆగస్టులో వాల్వ్ కంపెనీ అందులో తుపాకీకి రంగు పూతలు పెట్టింది. స్కిన్ అంటారు. దీంతో గురి మెరుగవదు, తూటా పదునెక్కదు. చూసేవాడికి కనపడుతుంది, అంతే. అయినా ఈ రంగుల మార్కెట్ కొన్ని వందల కోట్ల డాలర్లకు ఎదిగింది. నాకు తెలిసి ఆటల సంపాదనల్లో అన్నిటికంటే నిలకడగా సాగింది ఇదే, కారణం ఊహించొచ్చు: కొనేవాళ్ళలో చాలామందికి అది కావాలి, అమ్మడానికి కాదు.

స్కిన్‌లు పెట్టెల్లో వస్తాయి. పెట్టె తెరవాలంటే 2.49 డాలర్లు పెట్టి తాళంచెవి కొనాలి. లోపల ఏముందో ముందు తెలియదు. చైనా ప్రభుత్వం 2017లో ఇలాంటి పెట్టెల్లో ఏది ఎంత శాతం దొరుకుతుందో బయటపెట్టమంది. అలా లోకానికి తెలిసింది: 79.92 శాతం మామూలు సరుకు, అందరూ ఆశపడే కత్తి 0.26 శాతం. అంటే సగటున 385 పెట్టెలకు ఒక కత్తి. తాళంచెవులకే దాదాపు 958 డాలర్లు. ఇక్కడ చాలామంది తప్పులో కాలేస్తారు. 385 పెట్టెలు తెరిస్తే కత్తి ఖాయమని కాదు. ఒక్కో పెట్టెలో కత్తి రాకపోయే అవకాశం 99.74 శాతం. దాన్ని 385 సార్లు గుణించుకుంటూ పోతే 37 శాతం దగ్గర తేలుతుంది. దాదాపు వెయ్యి డాలర్లు వదిలించుకున్న ప్రతి నూరుమందిలో 37 మంది ఉత్త చేతులతో మిగులుతారు. పెట్టెకి గతం గుర్తుండదు. ఇన్ని తెరిచాను గనక ఇక రావాలి అనుకోవడం మనిషి మనసులోని లెక్క, యంత్రానిది కాదు.

వచ్చిన స్కిన్‌కి అరుగుదల అంకె ఒకటి పుట్టుకతోనే అంటుకుంటుంది, సున్నాకీ ఒకటికీ మధ్య. 0.07 లోపయితే కొత్తదని, 0.45 దాటితే గీతలు పడ్డదని లెక్క. ఆడినకొద్దీ ఆ అంకె మారదు, పుట్టినప్పుడే రాసి ఉంటుంది. కొన్ని పూతల్లో రంగు ఎక్కడ పడుతుందో నిర్ణయించే మరో అంకె ఉంది. ఏకే-47కి కేస్ హార్డెన్డ్ అనే పూతలో 661వ నమూనా వస్తే పైభాగమంతా నీలం. ఆ నీలానికి పిచ్చెక్కినవాళ్ళున్నారు. 2024లో అలాంటి ఒక తుపాకీ పది లక్షల డాలర్లకు పైగా చేతులు మారిందని వార్తలొచ్చాయి.

వాల్వ్ సొంత అంగడిలో అమ్మితే కొనేవాడు కట్టినదాంట్లో దాదాపు 13 శాతం రుసుము కింద పోతుంది. మిగిలింది వాల్వ్ నడిపే స్టీమ్ అంగడి వాలెట్‌లో పడుతుంది. దాంతో ఆటలు కొనుక్కోవచ్చు, బ్యాంకుకి పంపుకోలేరు. డబ్బు చేతికి కావాలంటే బయటి సైట్లు. ఆ బయటి దారిలో దొంగడబ్బు కూడా ప్రవహించింది. తాళంచెవుల్ని కొని అమ్మేవాళ్ళలో అత్యధికులు మోసగాళ్ళ ముఠాలేనని చెప్పి వాల్వ్ 2019 అక్టోబరులో కొత్త తాళంచెవులు చేతులు మారకుండా ఆపేసింది. 2025 అక్టోబరులో ఇంకో చిన్న మార్పు చేసింది: ఎర్ర శ్రేణి స్కిన్‌లు అయిదు ఇచ్చి ఒక కత్తి తీసుకోవచ్చు. అప్పటిదాకా అరుదుగా దొరికే కత్తులు ఇక దొరకబోతున్నాయనగానే వాటి ధరలు పడిపోయాయి, ఎర్ర స్కిన్‌లవి ఎగిశాయి. రెండు రోజుల్లో మొత్తం మార్కెట్ విలువలో వంద కోట్ల డాలర్లకు పైగా ఆవిరైంది. ఏ పార్లమెంటూ చర్చించలేదు, ఏ రిజర్వ్ బ్యాంకూ నోటీసు ఇవ్వలేదు. ఒక అప్‌డేట్ వచ్చింది. ఇదే కంపెనీ 2012లో తన ఆటల ఆర్థికం చూడమని గ్రీకు ఆర్థికవేత్త యానిస్ వరూఫాకిస్‌ను పెట్టుకుంది. 2015లో ఆయన గ్రీసు ఆర్థికమంత్రి అయ్యాడు. రెండు కొలువుల్లో ఏది కష్టమో ఆయన్నే అడగాలి.

మన దగ్గర

ఈ సంపద తగాదాలు కోర్టులకూ వెళ్ళాయి. 2003లో బీజింగ్ కోర్టు ఒక ఆటగాడి దొంగిలించబడ్డ ఆయుధాల్ని తిరిగి ఇమ్మని కంపెనీని ఆదేశించింది. దక్షిణ కొరియా సుప్రీంకోర్టు 2009 చివర్లో లీనియేజ్ ఆట డబ్బుని అసలు డబ్బుకి మార్చుకున్న ఇద్దర్ని నిర్దోషులంది. మన దగ్గర చట్టం ఇంకో వైపు నుంచి వచ్చింది, జూదం వైపు నుంచి. తెలంగాణ 2017లో, ఆంధ్రప్రదేశ్ 2020లో తమ గేమింగ్ చట్టాలు సవరించి పందెం ఆటల్ని ఆన్‌లైన్‌లోనూ నిషేధించాయి. 2025 ఆగస్టులో కేంద్రం దేశమంతటికీ వర్తించే చట్టం తెచ్చింది. గెలిస్తే డబ్బొస్తుందన్న ఆశతో డబ్బు పెట్టి ఆడే ఆటలన్నీ అందులో నిషిద్ధం, ఈ-స్పోర్ట్స్‌కి మాత్రం అనుమతి. పందెం అంటే నోట్లే కానక్కర్లేదు, డబ్బుతో కొన్న కాయిన్లు, టోకెన్లు, వస్తువులు, అసలువైనా మాయవైనా, పందెమేనని ఆ చట్టంలో రాశారు. క్రిప్టో టోకెన్ల మీద లాభమొస్తే 30 శాతం పన్ను 2022 నుంచే ఉంది. ఒకదాంట్లో నష్టాన్ని ఇంకోదాని లాభంలోంచి తీసేయడానికి వీల్లేదు.

మన ఊళ్ళలో కుర్రాళ్ళు ఆడేది ఎక్కువగా ఫోన్‌లో బీజీఎంఐ, ఫ్రీ ఫైర్ మ్యాక్స్. వాటిలో చెల్లే డబ్బుని, అంటే కొన్న యూసీని గానీ డైమండ్స్‌ని గానీ, తిరిగి రూపాయలు చేసుకోలేరు. అందుకని ఐడీలే, అంటే ఖాతాలే అమ్ముతారు, అరుదైన తుపాకీ పూతలతో సహా. కంపెనీ షరతుల ప్రకారం ఐడీ ఆటగాడిది కాదు, వాడుకోవడానికిచ్చిన అనుమతి మాత్రమే. అమ్మడం నిషిద్ధం. ఈ బేరంలో మామూలుగా జరిగే మోసానికి హ్యాకింగ్ తెలివి కూడా అక్కర్లేదు. కొన్నవాడు యూపీఐలో డబ్బు పంపి, పాస్‌వర్డ్ తీసుకుని, ఆనందంగా నాలుగు రోజులు ఆడతాడు. అయిదో రోజు అమ్మినవాడు కంపెనీకి మెయిల్ రాస్తాడు, నా ఖాతా ఎవరో కొట్టేశారు అని. మొదట ఏ ఈమెయిల్‌తో తెరిచారు, మొదటి బిల్లు ఎప్పటిది అని కంపెనీ అడుగుతుంది. రెండూ వాడి దగ్గరే ఉన్నాయి. ఐడీ వాడి చేతికి తిరిగొస్తుంది, మరొకడికి అమ్మకానికి సిద్ధంగా. మొదట కొన్నవాడు కంపెనీకి ఫిర్యాదు చేయాలంటే, తాను నిషిద్ధమైన బేరం చేశానని ముందు తనే రాసివ్వాలి.